సగంలో ఆగిన గట్టిమేళం

పోయిన మాఘంలో రావులపాలెం పక్కన ఒక కల్యాణమండపంలో పెళ్ళికి వెళ్ళాను. చల్లని ఏసీ, తెల్ల ముసుగులు వేసిన కుర్చీలు, వేదిక నిండా ఎక్కడినుంచో తెప్పించిన పూలు. వంకలు పెట్టడానికి వెళ్ళలేదు కాబట్టి అన్నీ బాగానే కనిపించాయి. ముహూర్తం వేళకి పురోహితుడు చెయ్యెత్తాడు. సౌండు సిస్టమ్ చూసుకుంటున్నాయన ల్యాప్‌టాప్ మీద ఏదో నొక్కాడు. గట్టిమేళం స్పీకర్లలోంచి వచ్చింది. చేతుల్లో అక్షింతలు పట్టుకున్న జనం మేళం వంక కాకుండా వీడియో తీస్తున్నాయన వంక చూస్తున్నారు. ఆయన "ఆగండాగండి... ఆఁ, ఇప్పుడెయ్యండి" అన్నాక వేశారు. నాకు నవ్వాగలేదు. పక్కన కూర్చున్న అమ్మాయి "ఏంటి ఆంటీ, ఏమైంది?" అని అడిగింది. ఏం చెప్పను? మిషన్లోంచి వచ్చిన గట్టిమేళంతో ముహూర్తం జరిగిపోతే ఎంత రభస అవుతుందో నాకు బాగా తెలుసు. ఒకప్పుడు మా కోనసీమలో అలాంటిదొకటి జరిగింది. ఆ మేళం టీవీలో వేయించింది నేను. ఊదింది మా నాన్న.

మా నాన్న పేరు సూర్రావు. కొత్తపేట చుట్టుపక్కల ఊళ్ళలో సన్నాయి సూర్రావు అంటేగానీ ఎవరికీ తెలియదు. మాది ముందునుంచీ మేళం ఇల్లు. తెల్లవారకముందే నాన్న కాలవగట్టుకు వెళ్ళి సాధకం చేసుకుని వచ్చేసరికి అమ్మ మిరియాల పాలు కాచి ఉంచేది. నాన్న చన్నీళ్ళు తాగడు, పుల్లమజ్జిగ ముట్టడు, చలికాలంలో మెడకు తువ్వాలు చుట్టుకోనిదే గుమ్మం దాటడు. గొంతు మీద, ఊపిరి మీద ఆయనకున్న శ్రద్ధ మా అందరి మీదా కలిపినా ఉండేది కాదని అమ్మ దెప్పుతూ ఉండేది. మధ్యాహ్నం భోజనమయ్యాక వసారాలో చాప పరుచుకుని సన్నాయికి నువ్వులనూనె పట్టించేవాడు. సన్నాయి మూతికి బిగించే పీకలని నీళ్ళలో నానబెట్టి, ఒక్కొక్కటీ పెదాల మధ్య పెట్టుకుని పలికించి చూసి, నచ్చినవాటిని దారానికి గుచ్చి వేలాడదీసేవాడు. అందుకే మా ఇంట్లో పోపు వాసన కంటే నూనె తాగిన కర్ర వాసన ఎక్కువ. పెళ్ళిళ్ళ రోజులొస్తే అప్పన్న బాబాయి చుట్ట వాసన దానికి తోడయ్యేది. బాబాయి నాన్నకు పినతల్లి కొడుకు, డోలు ఆయనది.

నాకు సన్నాయి మీద మనసున్నా నేర్పలేదు. ఆడపిల్ల బుగ్గలు పూరించి ఊదితే ఎవరు చేసుకుంటారని నాయనమ్మ అడ్డుపడింది. నాన్న ఆవిడతో వాదించకుండా నన్ను రాజమండ్రిలో ఒక మాస్టారి దగ్గర ఫిడేలులో పెట్టాడు. "దీనికి బుగ్గలతో పని లేదులే అమ్మా" అని నాయనమ్మతో అన్నాడట. నాకు సంగీతం వచ్చింది, మొగుడూ వచ్చాడు. మా ఆయన కాలవల ఆఫీసులో గుమాస్తా. రాజమండ్రిలో ఒక మేడ కింద రెండుగదుల వాటాలో కాపురం పెట్టి, సాయంత్రాలు పిల్లలకు ఫిడేలు పాఠాలు చెప్పుకుంటూ ఉండేదాన్ని. అలాంటి రోజుల్లో భద్రంగారు మా ఇల్లు వెతుక్కుంటూ వచ్చారు.

భద్రంగారు బియ్యం మిల్లు అన్నదమ్ములకు వదిలేసి టీవీ సీరియల్ తీస్తానని బయలుదేరిన మనిషి. ఊరికి రెండు మూడు ఇళ్ళల్లోనే టీవీలున్న కాలం. ఆ ఇళ్ళ మీద యాంటెనాలు చూసి దారి గుర్తు చెప్పుకునేవాళ్ళం. ఆదివారం పొద్దున్న సీరియల్ వచ్చే వేళకు వీధివీధంతా ఆ ఇంట్లోనే ఉండేది. గోదావరి ఊళ్ళల్లో తీస్తున్న కథకు సంగీతం కూడా ఇక్కడే చేయిస్తే ఖర్చు కలిసొస్తుందని ఆయన లెక్క. దేవీచౌక్ దగ్గర ఒక పాత ఇంటి మేడగది అద్దెకు తీసుకుని, గోడల నిండా బొంతలు వేలాడదీసి, కిటికీల్లో కొబ్బరిపీచు బస్తాలు కుక్కించారు. అదే మా స్టూడియో. ఒక హార్మోనియం, ఒక ఫ్లూటు, ఒక తబలా, నా ఫిడేలు. టేకు మొదలైతే ఫ్యాను కట్టెయ్యాలి. గోదావరి వంతెన మీదికి రైలొస్తే బస్తాలు దాటుకుని మరీ ఆ మోత మైకులో పడేది. అందుకని ఏ రైలు ఎప్పుడొస్తుందో మా రికార్డింగు మూర్తిగారికి స్టేషను మాస్టరుకంటే బాగా తెలుసు. చెమటలు కారుతుండగా ఊపిరి బిగబట్టి వాయించేవాళ్ళం. పీచు రాలి నా ఫిడేలు నిండా పడేది.

మాకు బొమ్మ చూపించేవారు కాదు. కథా చెప్పేవారు కాదు. భద్రంగారు వచ్చి కుర్చీలో కూలబడి, "దుర్గమ్మా, ఒక ముప్పావు నిమిషం ఏడుపు కావాలి" అనేవారు. "ఎవరు ఏడుస్తున్నారండి?" అంటే, "ఎవరో ఒకరు ఏడుస్తార్లే, మనకెందుకు" అనేవారు. అలా ఏడుపు బిట్టు, అనుమానం బిట్టు, అత్తగారు గదిలోకొచ్చే బిట్టు అని పేర్లు పెట్టుకుని స్పూలు టేపుల మీద ఎక్కించి పెట్టేవాళ్ళం. ఎవరైనా కాఫీ తెచ్చి ఇచ్చేటప్పుడు వెయ్యడానికి కాఫీ బిట్టు కూడా చేశాను. అది విన్నవాళ్ళకి నిజంగా కాఫీ తాగాలనిపించేదని ఇప్పటికీ గట్టిగా చెబుతాను. టేపులు పట్నం వెళ్ళేవి, అక్కడ బొమ్మకు అతికించేవారు, ఏ ఆదివారం ఏది వస్తుందో మాకూ తెలిసేది కాదు. తెరమీద మా పేర్లు గబగబా పరుగెత్తిపోయేవి. దానికి నేను పెద్దగా బాధపడలేదు. ఏడుపు బిట్టు మొదలవగానే మా వీధి ఆడవాళ్ళు కొంగులు కళ్ళకు అద్దుకోవడం చూశాను. అది చాలు.

ఒకరోజు భద్రంగారు పెళ్ళి బిట్టు కావాలన్నారు. ఫిడేలు మీద లాగించెయ్యమన్నారు. నేను కుదరదన్నాను. గట్టిమేళం సన్నాయి మీదే రావాలి, మా నాన్నే ఊదాలి అని పట్టుబట్టి, మర్నాడే బస్సెక్కి మా ఊరు వెళ్ళాను.

నాన్న వసారాలో పీకలు చూసుకుంటున్నాడు. విషయమంతా విని, "పెళ్ళికూతురెవరు?" అన్నాడు.

"పెళ్ళికూతురు లేదు నాన్నా. గదిలో కూర్చుని ఊరికే ఊదితే టేపులో పట్టుకుంటారు."

"కీర్తన కావాలా, ఊదుతాను. ఊరేగింపుది కావాలా, ఊదుతాను. పీటల మీద పిల్లా పిల్లాడూ లేకుండా గట్టిమేళం మటుకు ఊదను. అదేం పాట కాదే అమ్మడూ!"

నాకు తెలియని సంగతి కాదు. మా వైపు ముహూర్తమంటే జీలకర్రా బెల్లం కలిపిన ముద్దని పెళ్ళికొడుకూ పెళ్ళికూతురూ ఒకరి తలమీద ఒకరు పెట్టే క్షణం. అంతవరకూ ఇద్దరి మధ్యా తెర పట్టుకుంటారు. పురోహితుడు "గట్టిమేళం!" అని కేకెయ్యగానే తెర దించుతారు, మేళం అందుకుంటుంది, అక్షింతలు పడతాయి. ఆ క్షణంలో ఒక తుమ్ముగానీ, ఒక చెడ్డమాటగానీ ఎవరి చెవినా పడకూడదని అంత గట్టిగా ఊదుతారు. ఎత్తుకున్న గట్టిమేళం ముగింపు దాకా తీసుకెళ్ళాల్సిందే. మధ్యలో వదిలితే పెళ్ళి మధ్యలో వదిలినట్టే అని నాన్న నమ్మకం. తన మేళం పడిన పెళ్ళి ఏదీ ఆగలేదన్నది ఆయనకున్న ఒకే ఒక్క గొప్ప. ఆస్తీ అదే, పేరూ అదే.

దారి కూడా ఆయనే చెప్పాడు. "వచ్చే వారం పలివెలలో పెళ్ళుంది. మీ మిషను అక్కడికి తెచ్చుకోండి. నేను వాళ్ళకి ఊదుతాను. మీరు పట్టుకుంటే పట్టుకోండి."

అలాగే చేశాం. మూర్తిగారు బ్యాటరీ టేపురికార్డరు భుజానికి తగిలించుకుని వచ్చి, పందిరి రాటకు మైకు కట్టారు. ఆ పెళ్ళి చేయించింది నరసింహం పంతులుగారు. ఆ చుట్టుపక్కల నాలుగైదు ఊళ్ళకి ఆయనే పురోహితుడు. మనిషి పీలగా ఉంటారుగానీ గొంతు మాత్రం కాలవ అవతలికి వినపడుతుంది. "గట్టిమేళం! గట్టిమేళం!" అని ఆయన వేసిన కేకా, వెంటనే నాన్న సన్నాయీ, బాబాయి డోలూ, ఆఖరున ముగింపూ, అన్నీ టేపులో చక్కగా పడ్డాయి. రాజమండ్రి వచ్చి విన్నాక భద్రంగారు ఆ కేక కత్తిరించెయ్యమన్నారు. నేను ఒప్పుకోలేదు. ఆ కేకతోనే అది పెళ్ళిలా ఉంది, లేకపోతే కచేరీలా ఉందన్నాను. ఇప్పటికీ అదే మాటంటాను.

ఆ తరవాత కొన్నాళ్ళకి మా పక్క ఊళ్ళో వీర్రాజుగారి అమ్మాయి వరలక్ష్మి పెళ్ళి వచ్చింది. వీర్రాజుగారు కొబ్బరితోటల రైతు. వాళ్ళింట్లో శుభకార్యమంటే నాన్న మేళమే. నేను పుట్టింటికి వచ్చి ఉన్నాను కాబట్టి అమ్మతో కలిసి పెళ్ళికి వెళ్ళాను. ఆదివారం పొద్దున ముహూర్తం. ఇంటిముందు తాటాకు పందిరి. ఆ పందిరిని ఆనుకునే ఉన్న పక్కింట్లో టీవీ. సీరియల్ మానుకోలేని వాళ్ళు అక్కడ చేరారు. పెళ్ళికొచ్చిన మగవాళ్ళలో సగంమంది ఆ ఇంటి కిటికీ దగ్గరే నిలబడ్డారు. పెళ్ళి సందడిలో మాటలు వినపడటం లేదని ఎవరో టీవీ సౌండు పూర్తిగా పెంచారు. ఆ రోజున పెళ్ళిళ్ళు ఎక్కువ కావడంతో నాన్న పక్కన ఊదే జతగాడు వేరే ఊరి పెళ్ళికి వెళ్ళాడు. ఇక్కడ సన్నాయి ఒక్కటే. పైగా నాన్నకు అప్పటికి నెలరోజులుగా దగ్గు.

ముహూర్తానికి ఇంకా వ్యవధి ఉంది. పెళ్ళికొడుకుని, పెళ్ళికూతుర్ని పీటల మీద కూర్చోబెట్టి మధ్యన తెర పట్టారు. జీలకర్రబెల్లం ముద్దలు చేతుల్లో పెట్టేశారు. నరసింహం పంతులుగారు మంత్రం ఆపి, చేతిగడియారం చూసుకుంటూ, తల వంచుకుని కూర్చున్నారు. మేళం నిశ్శబ్దంగా ఉంది. మేమందరం గుప్పిళ్ళల్లో అక్షింతలు పట్టుకుని ఆ కేక కోసం చెవులు రిక్కించుకుని ఉన్నాం. అప్పుడు వినిపించింది.

"గట్టిమేళం! గట్టిమేళం!"

పంతులుగారి గొంతే. ఆ వెంటనే మా నాన్న సన్నాయి. తెర పట్టుకున్న మేనమామలిద్దరూ తెర వదిలేశారు. వరలక్ష్మి చెయ్యెత్తి పెళ్ళికొడుకు తలమీద పెట్టేసింది, అతనూ పెట్టేశాడు, అక్షింతలు వానలా పడ్డాయి. నేనూ వేశాను. వేస్తూనే నాన్న వంక చూశాను. నాన్న సన్నాయి ఒళ్ళో ఉంది. బాబాయి చేతులు మోకాళ్ళ మీద ఉన్నాయి. పంతులుగారు నోరు తెరుచుకుని, "నేననలేదే! నేననలేదే!" అంటున్నారు. ఒక్క క్షణానికి నాకు అర్థమైంది. అది పక్కింటి టీవీలోంచి వస్తున్న మా పలివెల టేపు.

అంతటితో అయిపోతే బాగుండేది. మేళం మంచి పట్టులో ఉండగా టీవీలోంచి ఎవడో గొంతు చించుకుని అరిచాడు.

"ఆపండీ! ఈ పెళ్ళి ఆపండీ!"

మేళం టక్కున ఆగిపోయింది. పందిట్లో ఒక్కరూ కదల్లేదు. వధూవరులిద్దరూ ఒకరి తలమీద ఒకరు చేతులు పెట్టుకుని బిక్కచచ్చిపోయి చూస్తున్నారు. పెళ్ళికొడుకు నాయనమ్మ "అయ్యో, అయ్యో, ఏం మాట పడిందర్రా చెవిన!" అని గుండెలు బాదుకోవడం మొదలుపెట్టింది. వీర్రాజుగారు పక్కింటి వైపు పరుగెత్తబోయి చెంబు తన్నుకుని పడబోయారు. వరలక్ష్మి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

నాన్న తల తిప్పి ఒక్కసారి నావైపు చూశాడు. తిట్టూ కాదు, ప్రశ్నా కాదు. సన్నాయి ఎత్తి పెదాలకు ఆనించుకున్నాడు. టీవీలో ఎక్కడ తెగిందో సరిగ్గా అక్కడినుంచే, ఆ స్వరం మీదినుంచే అందుకున్నాడు. మరుదెబ్బకి బాబాయి డోలు పడింది. ముసలావిడ ఏడుపు వినపడకుండా పోయింది. అప్పటికి పంతులుగారికి ప్రాణం లేచొచ్చింది. గడియారం చూశారు. రెండు చేతులూ పైకెత్తి, "చేతులు తియ్యకండమ్మా! ముహూర్తం వేళకి తలమీద ఉండాలి, అంతే! వచ్చేదాకా అలాగే ఉంచండి! సూర్రావూ, ఆపకు!" అని అరిచారు.

సూర్రావు ఆపలేదు. ముహూర్తం దాకా ఎంతసేపని అడగకండి. ఆ కథ చెప్పే ప్రతివాళ్ళూ ఇంకొంచెం కలుపుతారు. ఒక నిమిషంలో ముగిసే మేళాన్ని అన్నింతలు సాగదీయాలి, పట్టు సడలకూడదు, గాలి తెగకూడదు. సన్నాయి ఊదేవాళ్ళు ముక్కుతో పీల్చుకుంటూనే నోటితో వదులుతారు, అది తెలిసిన విద్యే. దగ్గుతో ఉన్నవాడు అలా ఎంతసేపని చెయ్యగలడు? నాన్న మెడనరాలు తాళ్ళలా పొంగాయి, కళ్ళు ఎర్రబడ్డాయి. ఒకచోట దగ్గు తోసుకొచ్చి ఛాతీ ఎగిరిపడింది. ఇంక తెగిపోయిందనుకుని నేను కళ్ళు మూసుకున్నాను. తెగలేదు. ఆ కుదుపుని కూడా ఒక గమకంగా మింగేశాడు. అమ్మ నా చెయ్యి పట్టుకుని గోళ్ళు దింపేసింది. చేతిలో అక్షింతలు అయిపోయాయని ఆడవాళ్ళు లోపలికి పరుగెత్తి, బియ్యంలో పసుపు కలిపి చాటల్లో తెచ్చి పంచుతున్నారు. పెళ్ళికొడుకుకి చెయ్యి వాలిపోతుంటే వరలక్ష్మి రెండో చేత్తో అతని మోచెయ్యి పట్టుకుంది. పంతులుగారు చివరికి చెయ్యెత్తి నిజం కేక వేశారు. నాన్న మేళాన్ని అంతెత్తుకు తీసుకెళ్ళి, తొందరపడకుండా, ప్రతి మెట్టూ దిగి, ముగించాడు. అక్షింతలు మళ్ళీ పడ్డాయి. అప్పుడు దగ్గాడు. సన్నాయి పక్కన పెట్టి, తువ్వాలు నోటికి అడ్డం పెట్టుకుని, మెలికలు తిరిగిపోయేలా దగ్గాడు.

పెళ్ళి బాగా జరిగింది. వీర్రాజుగారు మేళంవాళ్ళ దగ్గరికి తనే వచ్చి నాన్న చేతులు పట్టుకున్నారు. అందరూ నవ్వుకుంటూ తిన్నారు. నాన్న మాత్రం విస్తరిముందు కూర్చుని నన్ను పిలిచాడు. గొంతు గీరుకుపోయి ఉంది.

"ఇందాక ఆపండన్నది ఎవడు?"

"సీరియల్లో నాన్నా. అక్కడ పెళ్ళి ఆపేశారు."

"నా మేళం పడ్డాకా?"

"అవును. మాకు కథ చెప్పలేదు."

"ఆ పిల్ల?"

"ఏ పిల్ల?"

"పీటల మీద కూర్చున్న పిల్లే. దాని పెళ్ళి ఏమైంది?"

అది నటి నాన్నా, సాయంత్రం మేకప్పు కడుక్కుని ఇంటికెళ్ళిపోతుంది అని చెప్పొచ్చు. ఆయనకు ఆ మాత్రం తెలియక కాదు. విస్తరి మడిచి లేచిపోయాడు.

తన మేళానికి మచ్చ వస్తుందన్న ఆయన భయం తొందరలోనే నిజమైంది. కాఫీ హోటలు దగ్గర మొదట హాస్యంగానే అనుకున్నారు. సూర్రావు మేళం టీవీలో వినపడితే పెళ్ళి ఆగిపోయిందటరా అని. హాస్యం నాలుగు ఊళ్ళు తిరిగేసరికి టీవీ సంగతి రాలిపోయి, సూర్రావు మేళం, పెళ్ళి ఆగడం, ఈ రెండే మిగిలాయి. నాన్నని మాట్లాడుకున్నవాళ్ళు ఇద్దరు ముగ్గురు మళ్ళీ కబురు పెట్టలేదు. నాన్న కాలవగట్టుకు వెళ్ళడం మానేశాడు. పీకలు నానబెట్టిన గిన్నెలో నీళ్ళు ఇంకిపోయినా చూసుకోలేదు. అది చూసి నాకు కోపం ముంచుకొచ్చింది. ఎవరి మీదో చెప్పలేను, అందరి మీదా. రాజమండ్రి తిరిగివచ్చి సామాను కూడా దింపకుండా భద్రంగారి దగ్గరికి వెళ్ళాను.

"ఆ అమ్మాయికి పెళ్ళి చెయ్యండి" అన్నాను.

"ఏ అమ్మాయికి?"

"మీ సీరియల్లో, పీటల మీంచి లేపేసిన అమ్మాయికి."

ఆయన పకపకా నవ్వారు. కథలో ఆ పిల్లకి పెళ్ళి లేదన్నారు. ఆ పిల్ల చివరిదాకా ఏడవాలి, అదే సీరియల్ అన్నారు.

"అయితే ఏడుపు ఇంకెవరిచేతనైనా వాయించుకోండి. గట్టిమేళం పడ్డాక పెళ్ళి ఆగిందంటే మా వైపు ఎవరూ ఒప్పుకోరండీ. మీరు ఆ పెళ్ళి పూర్తి చెయ్యండి. నేను వస్తాను."

నేను మళ్ళీ ఆ గదికి వెళ్ళలేదు. భద్రంగారికి నా ఫిడేలు లేక కాదు ఇబ్బంది వచ్చింది, జనంతో వచ్చింది. ఆయన ఎక్కడికెళ్ళినా అదే అడిగారు. రావులపాలెం అరటిమార్కెట్లో గెలలు దించుతున్నవాళ్ళు కూడా బండికి అడ్డం నిలబడి, "ఏవండీ, మేళం ఊదించేసి ఆ పిల్లని అలా ఒదిలేస్తారేంటండి?" అని నిలదీశారట. ఒకావిడ అయితే అక్షింతలు కూడా వేసేశామండీ టీవీ మీద, ఇప్పుడెలా అందిట. చివరికి భద్రంగారే మా ఇంటికొచ్చి కూలబడి, "దుర్గమ్మా, నీ గోదావరి జనంతో వేగలేకపోతున్నాను తల్లీ, పెళ్ళి చేస్తున్నాను" అన్నారు. పెళ్ళికొడుకుని మార్చారు. మంచివాణ్ణే చూశారు.

ఈసారి టేపు నేనే పట్టుకుని రైలెక్కాను. ఎడిటింగు చేసే ఆయన పక్కన స్టూలు వేసుకుని కూర్చున్నాను. పలివెల టేపులో మేళం చివరిదాకా ఉంది కదా, కేక నుంచి ముగింపు దాకా మొత్తం ఉంచమన్నాను. పైన మాటలు వెయ్యొద్దన్నాను. అంతసేపు మాట లేకుండా సన్నాయి వినిపిస్తే జనం టీవీ కట్టేస్తారమ్మా అన్నాడాయన. కట్టెయ్యరు, నాది పూచీ అన్నాను. ఆయన బ్లేడు ఎత్తినప్పుడల్లా నేను చెయ్యి అడ్డం పెట్టాను. ఇప్పుడు మా మనవరాలు ఫోనులో వేలితో పాటని ముక్కలు చేసి పక్కన పెట్టేస్తుంది. నచ్చకపోతే మళ్ళీ మొదటికి తెచ్చేస్తుంది. పని సుళువైంది, మంచిదే. ఆ రోజుల్లో తెగిన టేపు తెగినట్టే. అందుకని ఏది తెంచొచ్చో, ఏది తెంచకూడదో ముందే తేల్చుకోవాల్సి వచ్చేది. నా మట్టుకు ఆ తేల్చుకోవడమే సంగీతంలో సగం నేర్పింది.

ఏ ఆదివారం వస్తుందో ఈసారి కనుక్కుని అమ్మనీ నాన్ననీ రాజమండ్రి తీసుకొచ్చాను. మేడమీద ఇంటిగలవాళ్ళకి టీవీ ఉంది. వాళ్ళు కుర్చీలు వేసినా నాన్న గోడవార చాప మీదే కూర్చున్నాడు. టీవీ అంతవరకూ సరిగా చూసినవాడు కాదు. మేం ఎవరం ఏం మాట్లాడినా ఊఁ కొట్టడమే. ఆడవాళ్ళందరూ కింద కూర్చుని ఎదురుచూస్తున్నారు. అమ్మ ఒక పళ్ళెంలో అక్షింతలు కలిపి తెచ్చింది. నవ్వబోయానుగానీ ఆవిడ మొహం చూసి ఊరుకున్నాను.

తెర దిగింది. పంతులుగారి కేక. నాన్న సన్నాయి. ఎవరూ ఆపమనలేదు. నాన్న వేళ్ళు మోకాలి మీద వాటంతటవే ఆడుతున్నాయి. గదిలో ఆడవాళ్ళు లేచి టీవీ మీద అక్షింతలు వేశారు. అమ్మ నాన్న దగ్గరికి వెళ్ళి ఆయన కుడిచెయ్యి పట్టుకుని, అరచెయ్యి విప్పి, అందులో గుప్పెడు అక్షింతలు పోసింది.

"ఏంటివి?" అన్నాడు నాన్న.

"వెయ్యండి. ఇప్పుడు మీ చేతులు ఖాళీయేగా."

అప్పుడు తట్టింది నాకు. ఇన్ని పెళ్ళిళ్ళల్లో, ఒక్క పెళ్ళిలోనూ మా నాన్న అక్షింతలు వెయ్యలేదు. వెయ్యాల్సిన క్షణంలో ఆయన రెండు చేతులూ సన్నాయి మీదే ఉండేవి. నా పెళ్ళిలో కూడా. కన్యాదానం చేసి, తడిచేతులు పంచెకు తుడుచుకుంటూ పరుగున వెళ్ళి, ఇంకెవరు ఊదినా నమ్మకం లేదని తనే సన్నాయి అందుకున్నాడు. ఆ రోజు ఊరంతా నా తలమీద అక్షింతలు వేసింది. మా నాన్న తప్ప.

నాన్న లేచి నిలబడ్డాడు. సన్నాయి ముగింపుకు వస్తోంది. పట్టడం చేతకానట్టుగా గుప్పిట పట్టుకుని, టీవీ దగ్గరికి వెళ్ళి, ఆ పిల్ల మీద సగం వేశాడు. మిగిలిన సగం పట్టుకుని వెనక్కి తిరిగి, మమ్మల్నందర్నీ దాటుకుంటూ వచ్చి, నా తలమీద వేశాడు.